బందరు బిడ్డ తీసిన తొలి బొమ్మ.. జాడ లేదు!

మచిలీపట్నం: తెలుగు చలనచిత్ర పితామహునిగా కీర్తినొందిన రఘుపతి వెంకయ్యనాయుడు 1869 అక్టోబరు 15న బందరులో జన్మించారు. మద్రాసు చేరి ఛాయాచిత్రకారునిగా రాణించారు. 1910లో రూ.30 వేలు వెచ్చించి క్రోనోమెగాఫోన్ తెప్పించారు. బొమ్మ ఆడుతుండగా గ్రామఫోను పలక నుంచి ధ్వని వినిపించే ఆ యంత్రంతో బర్మా, సింహళం చుట్టివచ్చారు. ఆ రోజుల్లో అది సామాన్య సాహసం కాదు. 1914లో మౌంట్‌రోడ్డులో గెయిటీ థియేటరు నిర్మించారు.

పరదేశీయుల బొమ్మలు ఆడించడంతో తృప్తి చెందక, కుమారుడు సూర్యప్రకాష్‌ను చిత్రనిర్మాణం అభ్యసించేందుకు ఇంగ్లండు పంపారు. తండ్రి పెట్టుబడితో, తనయుని దర్శకత్వంలో 1921లో ‘భీష్మప్రతిజ్ఞ’ మూకీ రూపుదిద్దుకుంది. భీష్మునిగా నటించిందీ ప్రకాషే. దాని ప్రతి ఒక్కటైనా నేడు లభ్యం కాదు. నాటి నైట్రేటు ఫిలిం నిప్పు తగిలితే భగ్గుమనేది, నిల్వ ఉంటే పొడిగా రాలిపోయేది. ఆడి పాతబడిన రీళ్లను వెండి కోసం కరిగించడమూ అప్పట్లో పరిపాటే. తండ్రీకొడుకుల తదుపరి మూకీలదీ అదే గతి.

నష్టాలతో ఆస్తి హరించుకుపోగా వెంకయ్య 1941లో కన్నుమూశారు. ఆయన పేరిట రాష్ట్ర ప్రభుత్వం 1980లో పురస్కారాన్ని నెలకొల్పింది. దక్షిణాది మూకీలలో దాదాపు పూర్తిగా పుణె చిత్ర భాండాగారానికి దక్కింది 1933 నాటి ‘మార్తాండవర్మ’ ఒక్కటే.