చిన్న తేడానే.. అయినా వదల్లేదు!

కోరుకున్న ఉద్యోగం ఒకటి, చేతికొచ్చింది ఇంకొకటా? అయితే జోహన్నెస్ కెప్లర్ గురించి మీరు తెలుసుకోవాల్సిందే.

1571లో జర్మనీలో పుట్టారు. చిన్నప్పుడే మశూచి సోకి చూపు దెబ్బతింది. స్కాలర్‌షిప్‌తో చదువుకున్నారు. పాస్టర్ కావాలన్నది కోరిక. దొరికిందేమో ఆస్ట్రియాలోని గ్రాజ్‌లో లెక్కల మాస్టారి పోస్టు. 1594లో అందులోనే చేరారు. మతం మారనన్నందుకు 1600లో ఆ ఊరూ వదలాల్సొచ్చింది. ప్రాగ్ వెళ్లి ఖగోళ పరిశోధకుడు టైకో బ్రాహే దగ్గర సహాయకుడిగా కుదిరారు.

అక్కడ అంగారకుడి కక్ష్య తేల్చే పని అప్పగించారు. కక్ష్య గుండ్రంగా ఉంటుందనుకుని వేసిన లెక్కకీ, బ్రాహే కొలతలకీ కాస్త తేడా వచ్చింది. ఎంతో తెలుసా? ఆకాశంలో నిండు చంద్రుడి వెడల్పులో దాదాపు పావు వంతు! ఇంకొకరైతే సర్దుకుపోయేవారే. కెప్లర్ మళ్లీ మొదటికొచ్చారు. కక్ష్య దీర్ఘవృత్తమని తేల్చి 1609లో ప్రచురించారు. గ్రహం ఒక చుట్టు తిరిగే కాలాన్నీ, సూర్యుడి నుంచి దాని దూరాన్నీ కలిపే సూత్రం 1618లో దొరికింది.

నక్షత్రానికి మరీ దగ్గరైతే నీరు ఆవిరవుతుంది, మరీ దూరమైతే గడ్డకడుతుంది. నీరు నీరుగా నిలవగలిగే మధ్య ప్రాంతమే ఆవాసయోగ్య మండలం. ఏ గ్రహం అందులో ఉందో తేల్చడానికి ఇప్పటికీ ఆయన సూత్రమే ఆధారం. 2009లో నాసా పంపిన కెప్లర్ టెలిస్కోప్ 2,600కు పైగా గ్రహాలను పట్టుకుంది. వాటిలో కెప్లర్-186ఎఫ్ దాదాపు భూమంతే, ఆ మండలంలోనే ఉంది.

బాకీ డబ్బుల కోసం వెళ్లి 1630లో రీగెన్స్‌బర్గ్‌లో కన్నుమూశారు కెప్లర్. కాబట్టి వచ్చిన పని చిన్నదని తీసిపారేయకండి. లెక్క కుదరని చోటే ఇంకాస్త ఆగి చూడండి.