రొడాల్ఫ్ సాలిస్

రొడాల్ఫ్ సాలిస్ (మే 29, 1851 - మార్చి 20, 1897) పారిస్ నగరంలోని మోంమార్త్ర్ కొండప్రాంతమున "లె షా న్వార్" (నల్లపిల్లి) అను పానశాలను స్థాపించి, కవులకు, చిత్రకారులకు, సంగీతజ్ఞులకు దానిని కూడలిగా చేసిన ఫ్రెంచి వ్యక్తి.

ఇతడు పశ్చిమ ఫ్రాన్సులోని షాతెల్‌రో పట్టణంలో పానీయాల వర్తకుని కుమారుడుగా జన్మించాడు. 1872లో చిత్రకారుడు కావలెనని పారిస్ చేరి, జీవనోపాధికై కొంతకాలం క్రైస్తవ ధార్మిక చిత్రాలు గీశాడు. కుంచె అతనికి అన్నం పెట్టలేదు. చివరకు తండ్రి వృత్తికే, కానీ తనదైన పద్ధతిలో, మళ్ళాడు.

పానశాల

1881 నవంబరులో రోషెషువార్ వీధిలో రెండు ఇరుకు గదులలో షా న్వార్ ప్రారంభమైనది. ఎమీల్ గుదో అను కవి 1878లో నెలకొల్పిన "హైడ్రోపాత్" సాహిత్యబృందం నదికి ఆవలి గట్టు నుండి ఇక్కడికి తరలివచ్చుట సాలిస్‌కు కలిసివచ్చిన అదృష్టం. కవులు తమ కవితలను తామే చదివేవారు. వినుటకు వచ్చిన ధనికులు మద్యానికి సొమ్ము చెల్లించేవారు. అతిథులను సాలిస్ అతివినయంతో, ఎగతాళి గౌరవంతో ఆహ్వానించేవాడు. పరిచారకులకు ఫ్రెంచి అకాడమీ పండితుల దుస్తులు తొడిగించాడు! 1882 జనవరి నుండి అదే పేరుతో వారపత్రికను కూడా వెలువరించాడు.

1885లో స్థానిక రౌడీలతో జరిగిన ఘర్షణలో ఒక పరిచారకుడు మరణించాడు. ఆ ఏడే పానశాల సమీపంలోని మూడంతస్తుల భవనానికి మారింది. పాత గదులలో గాయకుడు అరిస్తీద్ బ్ర్యుయాఁ "లె మిర్లితోఁ" అను సొంత పానశాలను తెరిచాడు.

నీడల నాటకశాల

కొత్త భవనంలో ఆంరీ రివియేర్ నిర్వహించిన నీడబొమ్మలాట షా న్వార్‌కు అసలైన కీర్తి తెచ్చినది. మన తోలుబొమ్మలు వెలుగును తమ గుండా పోనిచ్చి రంగులతో కనిపిస్తాయి. ఇక్కడివి జింకు రేకులో కత్తిరించిన నల్లని ఆకృతులు, రంగులన్నీ వెనుకనున్న గాజుపలకలవి. నెపోలియన్ దండయాత్రలపై కారాన్ దాష్ 1886లో రూపొందించిన ప్రదర్శన విశేషాదరణ పొందినది. తెర ముందు నిలిచి కథ చెప్పేది సాలిసే. పియానో వాయించిన వారిలో ఎరిక్ సతీ ఒకడు. అతడు సాలిస్‌తో తగవుపడి 1891లో వేరొక పానశాలకు వెళ్ళిపోయాడు.

సాలిస్ లోభి అనే అపకీర్తి నిరాధారం కాదు. కవులకు మొదట్లో ప్రతిఫలం దాదాపు ఉండేది కాదు, లాభం యజమానికి చేరేది. ఐతే పేరులేని యువకులకు శ్రోతలను సమకూర్చినవాడూ అతడే.

చివరి దశ

తరువాతి కాలంలో బృందాన్ని వెంటబెట్టుకొని ఊరూరా ప్రదర్శనలిచ్చాడు. స్టైన్‌లెన్ గీసిన ప్రసిద్ధ నల్లపిల్లి గోడపత్రిక 1896 నాటి యాత్రకు ప్రకటనయే. మరుసటి సంవత్సరం సాలిస్ తన 45వ యేట స్వస్థలం సమీపాన మరణించాడు. షా న్వార్ కూడా 1897లోనే మూతపడినది. అదే ఏట, అక్కడ పనిచేసి వచ్చిన పెరె రొమేయు బార్సిలోనాలో "ఎల్స్ క్వాత్ర గాట్స్" (నాలుగు పిల్లులు) అను పానశాల తెరిచాడు. పికాసో తొలి ఏకవ్యక్తి చిత్రప్రదర్శన 1900లో అందులోనే జరిగినది.