మూసారాంబాగు రేమండ్

వనస్థలిపురంనుంచి నగరంలోకి వచ్చే దారిలో ఎల్.బి.నగర్, దిల్‌సుఖ్‌నగర్ దాటిన తరువాత మూసారాంబాగు వస్తుంది. 2018 నుంచి అక్కడ మెట్రో రైలు స్టేషను కూడా ఉన్నది. నిత్యం వేలాదిమంది పలికే ఆ పేరులో రాముడున్నాడని కొందరు, మూసీనది ఉన్నదని కొందరు అనుకుంటే అది సహజమే. వాస్తవానికి అందులో ఉన్నవాడు ఒక ఫ్రెంచివాడు. రెండవ ఆసఫ్‌జా నిజాం అలీఖాన్ కొలువులో పద్నాలుగు వేల సైన్యానికి అధిపతియై, ఇంగ్లీషువారికి కంటిమీద కునుకు లేకుండా చేసిన మొస్యో రేమండ్ పేరు జనుల నాలుకమీద అరిగి అరిగి ఆ రూపం దాల్చింది. హిందువులు అతనిని మూసా రాం అన్నారు. ముస్లిములు మూసా రహీం అన్నారు. ఒక పరదేశపు సైనికునికి రెండు మతాలవారూ తమ తమ దేవుని పేరు కలిపి పిలుచుకోవడం చరిత్రలో తరచుగా జరిగే సంగతి కాదు.

యుద్ధాన్ని గూర్చీ, రాజ్యరక్షణను గూర్చీ, పరరాజ్యాలతో వ్యవహారాన్ని గూర్చీ నాటి ఇంగ్లీషువారు వ్రాసిన గ్రంథాలలో మాత్రం రేమండుకు లభించిన స్థానం వేరు. అక్కడ అతడు పెరికివేయవలసిన ముల్లు. గ్రంథాలకూ జనస్మృతికీ ఇంత దూరం ఎట్లా ఏర్పడిందో తెలియాలంటే అతని జీవితాన్ని మొదటినుంచి చూడాలి.

మిషెల్ జోయాకిం మరీ రేమండ్ 1755 సెప్టెంబరులో దక్షిణ ఫ్రాన్సులోని గాస్కనీ సీమలో, సెరిన్యాక్ అనే ఊరిలో, ఒక వర్తకుని ఇంట పుట్టాడు. ఇరవై ఏళ్ల ప్రాయంలో, 1775లో, వ్యాపారం చేసుకుందామని పుదుచ్చేరి చేరాడు. ఆ రోజులలో దక్షిణాదిన త్రాసు పట్టినవానికంటె కత్తి పట్టినవానికే గిరాకీ ఎక్కువ. రేమండ్ కూడా త్రాసు వదలి కత్తి పట్టాడు. మైసూరులో హైదరాలీ కొలువున్న లాలే అనే ఫ్రెంచి నాయకుని దళంలో చేరి యుద్ధవిద్య నేర్చాడు. 1783లో బుస్సీ రెండవ మారు ఈ దేశానికి వచ్చినప్పుడు అతని ఆంతరంగికోద్యోగి అయ్యాడు.

బుస్సీ పేరు తెలుగువారికి కొత్తది కాదు. 1757లో బొబ్బిలికోటను నేలమట్టం చేసిన ఫ్రెంచి సేనాని అతడే. సలాబత్ జంగును హైదరాబాదు గద్దెమీద నిలిపి, 1753లో ఉత్తర సర్కారులను ఫ్రెంచివారికి సంపాదించిపెట్టినవాడూ అతడే. ఫ్రెంచివారికి ఆ ఐశ్వర్యం ఎంతోకాలం నిలువలేదు. 1759లో మచిలీపట్నం ఇంగ్లీషువారి చేజిక్కింది. 1766 నాటి ఒప్పందంతో సర్కారులు కంపెనీకి దక్కాయి. హైదరాబాదు రాజకీయం ఏమిటో, అక్కడ ఒక్క పటాలంతో ఎంత పని సాధించవచ్చునో బుస్సీకి తెలిసినట్లు మరొక ఫ్రెంచివానికి తెలియదు. 1785లో పుదుచ్చేరిలో ఆ వృద్ధ సేనాని కన్నుమూసిన తరువాత అతని శిష్యుడు రేమండ్ హైదరాబాదు దారి పట్టాడు.

అప్పటి నిజాం పరిస్థితిని తలచుకుంటే రేమండుకు అక్కడ ఆదరణ ఎందుకు లభించిందో బోధపడుతుంది. పడమట మరాఠాలు చౌతు బాకీలకోసం పొంచి ఉన్నారు. దక్షిణాన మైసూరు నానాటికీ బలిసింది. తూర్పున సర్కారులలో కంపెనీవారు తిష్ఠ వేశారు. 1788లో గుంటూరు సర్కారు కూడా కంపెనీ పరం కావడంతో నిజాముకు సముద్రతీరమే లేకుండాపోయింది. సర్దారుల గుర్రపుదళాలు దర్బారుకు శోభ కూర్చేవే కాని, వరుస తప్పకుండా నిలిచి తుపాకులు పేల్చే కాల్బలంముందు ఆగగలిగినవి కావు. స్వంత సేనకు కొత్త విద్య నేర్పడానికి ఓపిక కావాలి, ధనం కావాలి. అంతకంటె ఆ విద్య తెలిసినవానిని కొలువులో పెట్టుకోవడమే సులువని నవాబుకు తోచింది.

రేమండ్ దళం మొదట మూడువందల మంది. వారి చేతులలోని తుపాకులు సైతం ఒక ఫ్రెంచి వర్తకునివద్ద నెలకు ఒక్కొక్కదానికి ఎనిమిది అణాల బాడుగకు తెచ్చినవని చెప్పుతారు. ఆ మూడువందలు పదేళ్లలో పదివేలు దాటాయి. సిపాయిలకు ఫ్రెంచి పద్ధతిలో కవాతు నేర్పాడు. వారిమీద ఐరోపా ఉద్యోగులను నియమించాడు. ఫిరంగులకు బాడుగ పద్ధతి పనికిరాదని గ్రహించి, వాటిని ఇక్కడే పోత పోయించాడు. నగరం నడిబొడ్డున నేటికీ గన్‌ఫౌండ్రీ అని పిలుస్తున్న తోప్ కా సాంచా ఆ ఉద్యమానికి గుర్తు. దళం ఖర్చుకు నవాబు భూములను జాగీరుగా ఇచ్చాడు. రేమండుకు బిరుదులు ప్రసాదించాడు. నగరంలో అతని పలుకుబడి అమీరులకు తీసిపోలేదు.

అతనికి గొప్ప పరీక్ష 1795 మార్చిలో ఖర్డావద్ద ఎదురయింది. మరాఠాలు దండెత్తి వచ్చారు. కంపెనీ సహాయానికి వస్తుందని నవాబు ఎదురుచూశాడు. మరాఠాలు కూడా తమకు మిత్రులే కనుక తాము తటస్థులమని గవర్నరు జనరల్ సర్ జాన్ షోర్ చేతులు దులుపుకున్నాడు. యుద్ధభూమిలో ఒక వింత కనిపించింది. నిజాం పక్షాన రేమండ్. ఎదుట సింధియా పటాలాలను నడిపిస్తూ పెరాన్ అనే మరొక ఫ్రెంచివాడు. దక్కను భవిష్యత్తును తేల్చే యుద్ధంలో ఇరువైపులా ఆజ్ఞలు ఫ్రెంచిభాషలో వినిపించాయి! రేమండ్ దళం నిలబడి పోరాడింది. కాని అంతఃపురంతో సహా యుద్ధానికి వచ్చిన నవాబు, చీకటి పడే వేళకు భయపడి వెనుదిరుగుతూ రేమండును కూడా వెనుకకు రమ్మని ఆజ్ఞాపించాడు. తెల్లవారేసరికి నవాబు ఖర్డాకోటలో చిక్కుకున్నాడు. దౌలతాబాదు పోయింది, మూడుకోట్ల రూపాయలు ఒప్పుకోవలసివచ్చింది, మంత్రి అరిస్తూ జా పూనాలో బందీ అయ్యాడు.

ఆపదలో ఆదుకోని ఇంగ్లీషువారిమీద నవాబుకు మనసు విరిగింది. వారి రెండు పటాలాలను పంపివేశాడు. ఆ సంవత్సరమే కుమారుడు అలీ జా తిరుగుబాటు చేసి బీదరు చేరినప్పుడు రాజ్యాన్ని కాపాడినవాడు రేమండ్. యువరాజు పట్టుబడి, హైదరాబాదుకు తెస్తుండగా దారిలో విషం త్రాగి మరణించాడు. రేమండ్ కీర్తిలో ఈ మచ్చ కూడా ఉన్నది: జీతం తీసుకున్న కత్తి తండ్రి ఆజ్ఞమీద కొడుకును పట్టితెచ్చింది. ఈ విజయంతో అతని ప్రాబల్యం శిఖరానికి చేరింది. నవాబు అతని దళంలో కొంతభాగాన్ని కడప, కంభం సీమలలో, అంటే కంపెనీ ఎల్లలకు ఆనుకొని, దించడంతో ఇంగ్లీషువారు ఉలిక్కిపడి అభ్యంతరం చెప్పారు.

వారి భయానికి కారణం లేకపోలేదు. 1793లో ఇంగ్లండుకూ ఫ్రాన్సుకూ యుద్ధం మొదలయింది. పుదుచ్చేరి ఇంగ్లీషువారి వశమయింది. అటువంటి సమయంలో హైదరాబాదులో విప్లవ ఫ్రాన్సు త్రివర్ణపతాకం క్రింద వేలాది సిపాయిలు కవాతు చేస్తున్నారు. పూనానుంచి విడుదలై వచ్చిన అరిస్తూ జా కూడా ఒకే మనిషి చేతిలో ఇంత బలం చేరడం క్షేమం కాదని తలచి, ఫింగ్లాస్ అనే ఐరిష్‌వాని దళాన్నీ, బాయ్డ్ అనే అమెరికావాని దళాన్నీ పోటీగా నిలిపి చూశాడు. 1798 ఫిబ్రవరిలో కొత్త గవర్నరు జనరల్ వెల్లెస్లీ ఇండియాకు వస్తూ గుడ్‌హోప్ అగ్రంవద్ద ఆగాడు. హైదరాబాదులో రెసిడెంటుగా పనిచేసిన విలియం కర్క్‌పాట్రిక్ అక్కడ అతనికి తటస్థపడి, ఫ్రెంచి దళాన్ని గూర్చి సవిస్తరంగా తెలియజేశాడు. రేమండ్ బలాన్ని నిర్మూలించాలన్న సంకల్పం ఈ విధంగా హైదరాబాదుకు వేలమైళ్ల దూరంలో, సముద్రపుటొడ్డున రూపుదిద్దుకున్నది.

ఆ సంకల్పం ఆచరణకు వచ్చేవరకు రేమండ్ జీవించలేదు. 1798 మార్చి 25న, నలభైరెండేళ్ల వయస్సులో, హఠాత్తుగా మరణించాడు. విషప్రయోగం జరిగిందన్న వదంతి నాడే పుట్టింది. అది నిజమో కాదో తేలలేదు. అతని స్థానంలోకి వచ్చిన పిరాన్‌కు అధికారం సంక్రమించింది కాని, రేమండ్ చతురతా, నవాబు విశ్వాసమూ సంక్రమించలేదు.

సెప్టెంబరు 1న నవాబు కంపెనీతో ఒడంబడిక చేసుకున్నాడు. గుంటూరు వైపునుంచి కంపెనీ పటాలాలు హైదరాబాదు చేరాయి. ఫ్రెంచి ఉద్యోగులను తొలగించే ఆజ్ఞ వెలువడగానే, జీతాలు బాకీపడి ఉన్న సిపాయిలు తమ నాయకులనే నిర్బంధించారు. అక్టోబరు 22న కంపెనీ సేన శిబిరాన్ని చుట్టుముట్టింది. బాకీలు చెల్లిస్తామన్న మాటమీద పదకొండువేలకు పైగా సిపాయిలు సాయంత్రంలోగా ఆయుధాలు క్రింద పెట్టారు. రక్తపాతం జరగలేదు. పన్నెండేళ్లుగా కట్టిన కోట ఒక్క పగటిలో కూలింది. మరునాటి సంవత్సరం మే 4న శ్రీరంగపట్నంలో టిప్పు నేలకొరిగినప్పుడు నిజాం సేన ఇంగ్లీషువారి పక్షాన ఉన్నది.

ఇంతకూ నిజాం రాజ్యం పొందిన రక్షణ ఎటువంటిది? పరదేశపు నాయకుల సేన పోయి పరదేశపు ప్రభుత్వపు సేన వచ్చింది. ఆరువేల కంపెనీ సిపాయిలకు ఏటా 24,17,100 రూపాయలు చెల్లించాలని 1798 ఒడంబడిక. 1800లో ఆ సేన మరింత పెరిగింది. రొక్కానికి బదులు బళ్లారి, కడప, అనంతపురం ప్రాంతాలను నవాబు కంపెనీకి దత్తం చేశాడు. దత్తమండలాల పుట్టుక అదే. మన్రో దొర కలెక్టరై వచ్చింది ఆ సీమకే. కంపెనీ అనుమతి లేనిదే ఏ పరరాజ్యంతోనూ సంప్రదింపులు జరుపరాదన్న నిబంధనకు కూడా నవాబు తలయొగ్గాడు. రేమండుకు ఇచ్చిన జాగీరును నవాబు తలచుకుంటే తిరిగి తీసుకోగలడు; కంపెనీకి ధారపోసిన సీమలు తిరిగి రాలేదు. రేమండ్ చనిపోతే అతని దళం చెదరింది. కంపెనీకి చావు లేదు, ఒక దొర పోతే మరొక దొర వచ్చాడు. ఆ సేన విడిసిన చోటు 1806లో సికింద్రాబాదు అన్న పేరు పొంది, నగరమై నిలిచింది.

ఈ కథను మొదట గ్రంథస్థం చేసినవారిలో జాన్ మాల్కం ముఖ్యుడు. ఫ్రెంచి దళాన్ని నిరాయుధం చేసిన రోజున అతడు స్వయంగా అక్కడ ఉన్నాడు. 1811లో వెలువడిన అతని రాజకీయ చరిత్రలో రేమండ్ దళం ఇంగ్లీషు ప్రభుత్వానికి ముంచుకువచ్చిన ముప్పు. దానిని తొలగించడం వెల్లెస్లీ దూరదృష్టికి తార్కాణం. గెలిచినవారు వ్రాసుకున్న రక్షణశాస్త్రంలో ఎదిరిపక్షపు రక్షణకు తావుండదు. ప్రమాదం గతించిన తరువాతనే 1878లో మాలెసన్, 1892లో కాంప్టన్ రేమండులోని నాయకుని గుర్తించి వ్రాయగలిగారు. 2002లో డాల్రింపుల్ గ్రంథం హైదరాబాదు దర్బారు వైపునుంచి కూడా ఆ కాలాన్ని చూపింది.

అయినా రేమండును పూర్తిగా కొనియాడడం కూడా న్యాయం కాదు. అతడు హైదరాబాదు రాజ్యానికి సేనను ఇచ్చాడు కాని, ఆ సేనను నడపగల హైదరాబాదువారిని తయారుచేయలేదు. ఆ పని అతనికి అప్పగించినవారూ లేరు. పటాలాలు, ఫిరంగులు, కవాతు అన్నీ ఉన్నా, వాటిని కలిపిపట్టిన ముడి ఒక్క మనిషి ప్రాణం. ఆ లోపం రేమండుదికంటె అతనిని నమ్మి నిశ్చింతగా ఉన్న ప్రభుత్వానిది.

సరూర్‌నగరు వైపున, ఆస్మాన్‌గఢ్ సమీపంలోని గుట్టమీద రేమండ్ సమాధి ఉన్నది. ఇరవైమూడు అడుగుల నల్లరాతి స్తంభంమీద అతని పేరులోని రెండు పొడి అక్షరాలు తప్ప యుద్ధాల జాబితా లేదు, బిరుదుల వరుస లేదు. చాలకాలంపాటు మార్చి 25న జనం అక్కడికి వెళ్లి ధూపం వేసి దీపాలు పెట్టేవారు. ప్రక్కనున్న స్తంభాల మంటపం 2001 వానలకు కూలిపోతే తిరిగి నిర్మించారు. ఆ సిపాయిల సంతతి ఏ వాడలలో కలిసిపోయిందో చెప్పే గ్రంథం లేదు. జీతం కోసం వచ్చిన పరదేశిని వారు తమవానిగా ఎందుకు భావించారో, ఇరువురు దేవుళ్ల పేర్లతో ఎందుకు పిలుచుకున్నారో గ్రంథకర్తలు విచారించలేదు. వారి మాట మూసారాంబాగు అన్న పేరులో మాత్రం మిగిలింది.