చీటీ మీద రాసే డాప్లర్ ఎవరు?



మన సంఘంలో అరవై దాటినవాళ్ళమే ఎక్కువ. నెలవారీ సమావేశం అయ్యాక కాఫీ దగ్గర మాటలన్నీ కాళ్ళ వాపులు, పిక్క నొప్పులు, ఉబ్బిన నరాల గురించే. డాక్టరు చీటీ మీద కాళ్ళ డాప్లర్ అని రాస్తే, నేనూ చాలాకాలం అది మిషను పేరే అనుకున్నాను. అది ఒక మాస్టారి పేరు.

క్రిస్టియన్ డాప్లర్ 1803 నవంబరు 29న ఆస్ట్రియాలోని సాల్జ్‌బర్గ్‌లో పుట్టాడు. ఇంటి వృత్తి రాతిపని. ఒళ్ళు బలహీనం కాబట్టి ఉలి పట్టలేడని చదువులో పెట్టారు. వియన్నాలో గణితం బాగా చదివాడు, నాలుగేళ్ళు అసిస్టెంటుగా చేశాడు, ఆ తర్వాత పని దొరకలేదు. సుమారు ఏడాదిన్నర ఒక నూలు మిల్లులో లెక్కలు రాశాడు. జీవితమంతా లెడ్జర్లు రాసి రిటైరైనవాణ్ణి కాబట్టి, ఆయన కథలో నేను ఎక్కువసేపు ఆగేది ఇక్కడే. విసిగిపోయి సామాన్లు అమ్మేశాడు, అమెరికా వెళ్ళిపోదామని మ్యూనిక్‌లోని వాళ్ళ కాన్సులేటు దాకా వెళ్ళాడు. సరిగ్గా అప్పుడే, 1835లో, ప్రాగ్ నగరంలో స్కూలు మాస్టారు ఉద్యోగం వచ్చింది. ఆ ఉత్తరం రాకపోతే మన చీటీ మీద ఏ పేరుండేదో!

1841లో అక్కడి పాలిటెక్నిక్‌లో ప్రొఫెసరయ్యాడు. మరుసటి ఏడు మే 25న, ప్రాగ్‌లోని ఒక శాస్త్ర సమాజంలో, కొద్దిమంది ముందు తన వ్యాసం చదివాడు. విషయం జంట నక్షత్రాల రంగులు. అసలు సంగతి మనకు రైల్వే గేటు దగ్గర రోజూ వినిపించేదే. వచ్చే రైలు కూత సన్నగా, హెచ్చు స్థాయిలో వినిపిస్తుంది, దాటిపోగానే బొంగురుగా దిగిపోతుంది. 1845లో హాలెండులో బాయిస్ బాలో అనే శాస్త్రజ్ఞుడు బాకా ఊదేవాళ్ళను రైలెక్కించి, దారి పక్కన సంగీతం తెలిసినవాళ్ళను నిలబెట్టి పరీక్షిస్తే, ధ్వని విషయంలో డాప్లర్ చెప్పింది నిజమని తేలింది. నక్షత్రాల విషయంలో మాత్రం ఆయన పొరబడ్డాడు. వాటి రంగుకు ప్రధాన కారణం వేడి, కదలిక కాదు.

ఆరోగ్యం అంతంతమాత్రం. పైగా వందలమంది విద్యార్థులకు పరీక్షలు పెట్టే చాకిరీ, మరీ కఠినంగా మార్కులేస్తున్నాడని ఫిర్యాదులు. 1850లో వియన్నా విశ్వవిద్యాలయంలో భౌతికశాస్త్ర సంస్థకు మొదటి డైరెక్టరయ్యాడు. బఠానీ మొక్కల మెండెల్ అక్కడ ఆయన దగ్గర చదువుకున్నాడు. 1852లో పెట్జ్‌వాల్ అనే పెద్ద గణితజ్ఞుడు, డాప్లర్ సూత్రానికి విలువే లేదన్నట్టు సభలో ఖండించాడు. అప్పటికే ఊపిరితిత్తులు పాడైన డాప్లర్ గాలి మార్పుకని వెనిస్ వెళ్ళి, 1853 మార్చి 17న అక్కడే పోయాడు. యాభై నిండలేదు. భార్య, ఐదుగురు పిల్లలు.

తర్వాత వందేళ్ళకు, 1950లలో, జపానులోని ఒసాకాలో సతొమురా అనే ఆయన ఈ సూత్రాన్ని ఒంట్లోకి తెచ్చాడు. చెవికి అందని ధ్వనిని చర్మం మీద నుంచి పంపితే, కదిలే రక్తకణాలకు తగిలి కొంచెం మారి తిరిగొస్తుంది. ఆ మార్పును బట్టి రక్తం ఎటు పోతోందో, ఎంత వేగంగా పోతోందో తెలుస్తుంది. 1960లలో అమెరికాలోని సియాటిల్‌లో స్ట్రాండ్‌నెస్ అనే సర్జను దీన్ని కాళ్ళ రక్తనాళాలకు వాడాడు. అంతకుముందు నాళంలోకి సూదితో మందు ఎక్కించి ఎక్స్‌రే తీయాల్సి వచ్చేది. ఇప్పుడు జెల్ రాసి, పరికరం ఆనించి చూస్తారు. ధమని సన్నబడిన చోట రక్తం జోరుగా పరుగెడుతుంది. సిరలో గడ్డ కట్టి ఉంటే, పరికరంతో నొక్కినా ఆ సిర అణగదు. ఆ గడ్డ కదిలి ఊపిరితిత్తులకు చేరితే ప్రాణం మీదికే వస్తుంది. అందుకే ఒక కాలు మాత్రం ఉన్నట్టుండి వాచి నొప్పి పెడితే, కాపడం పెట్టుకుంటూ ఇంట్లో కూర్చోకుండా ఆ రోజే డాక్టరుకు చూపించండి.

తెర మీద కనిపించే ఎరుపు, నీలం చూసి మంచి రక్తం, చెడ్డ రక్తం అనుకునేవాళ్ళున్నారు. అవి మిషను వేసే రంగులు. మామూలుగా పరికరం వైపు వచ్చేది ఎరుపు, దూరంగా పోయేది నీలం. నక్షత్రాల విషయంలో డాప్లర్ చెప్పింది దీనికి సరిగ్గా తలకిందులు: దగ్గరికొచ్చేది నీలం వైపు, దూరమయ్యేది ఎరుపు వైపు.