శ్రీ స్థానం నరసింహారావుగారు

1920వ సంవత్సరమున బాపట్లలో ఒకనాడు హరిశ్చంద్ర నాటక మాడవలసియుండగా చంద్రమతి వేషధారి రాలేదు. నాటకములతో పరిచయమున్నవారి కిది ఎంతటి ఆపదయో చెప్పనక్కరలేదు. నక్షత్రకుడు రాకున్న కొంత కోసి కొంత అతికి రాత్రిని వెళ్లబుచ్చవచ్చును. చంద్రమతి లేనిచో కాటిసీను లేదు; కాటిసీను లేనిచో జనము డబ్బు తిరిగి యడుగుదురు. అప్పుడు పదునెనిమిదేండ్లు నిండీ నిండని యువకు డొకడు ఆ కొరత తీర్చుటకై తానే చీర కట్టి రంగమెక్కెను. ఆ యువకుడే స్థానం నరసింహారావుగారు. ఆ రాత్రి కట్టిన చీరను వారు నలువదేండ్లకు పైగా విడువలేదని చెప్పిన అతిశయోక్తి కాజాలదు.

నరసింహారావుగారు 1902వ సంవత్సరము సెప్టెంబరు 23వ తేదీన బాపట్లలో జన్మించిరి. నాడది గుంటూరు మండలములోని పట్టణము. 2022 నుండి తానే ఒక జిల్లాకు ముఖ్యపట్టణము. భావనారాయణస్వామి కోవెలవలన ప్రసిద్ధమైన ఆ యూర 1913లో ప్రథమాంధ్ర మహాసభ జరిగినది. వా రప్పటికి పదియేండ్ల బాలురు. వారు వేషము వేయనారంభించిన దినములలోనే దాపున చీరాల పేరాల ఉద్యమము నడచుచుండెను. జనులు ఊరు విడిచి పందిళ్లలో కాపురముండి ప్రభుత్వముతో పోరాడిన కాలమది. అట్టి వేడి దినములలో ఒక యువకుడు రుక్మిణిగనో సుభద్రగనో అలంకరించుకొని రంగముపై నిలిచిన నెవరు చూతురని నేటివారి కనిపించవచ్చును. చూచిరి. బండ్లు కట్టుకొని వచ్చి చూచిరి.

పురుషులు స్త్రీ వేషములేల ధరించిరని మన గ్రంథాలయమునకు వచ్చు పిల్లలు నన్నడుగుచుందురు. గౌరవ కుటుంబముల స్త్రీలు రంగమెక్కుట నాడు తప్పుగా నెంచబడెను. 1885లో కడప మండలమున పుట్టిన సురభి నాటక సమాజములయందు మాత్రము కుటుంబమంతయు నటులే యగుటచే ఇంటి ఆడువారే స్త్రీ పాత్రలు ధరించుచుండిరి. తక్కిన సమాజములలో మీసము రాని కుర్రవారిని వెదకి తెచ్చి చీర కట్టించెడివారు. గొంతు పగిలిన నాటితో వారి పని సరి. కూచిపూడి భాగవతులు మాత్రము భామాకలాపమున సత్యభామ వేషమును పురుషులే ధరించుటను విద్యగా తరతరములు కాపాడుకొనుచు వచ్చిరి. కావున నరసింహారావుగారు చేసినది క్రొత్త పని కాదు. కుర్రతనముతో పోవలసిన వేషమును నడివయస్సు దాటువరకు నిలుపుకొనుటయే వారి విశేషము. దానికి రూప మొక్కటి చాలదు.

బాపట్లనుండి వారు తెనాలి చేరి శ్రీరామవిలాస సభలో ప్రవేశించిరి. ఆంధ్రా ప్యారిసని పేరు మోసిన తెనాలి నాడు నాటకముల పుట్టినిల్లు. మాధవపెద్ది వెంకట్రామయ్యగారు, పిల్లలమర్రి సుందరరామయ్యగారు వంటి ఉద్దండులు ఆ సభలో నుండిరి. అది పద్యనాటకముల కాలము. హార్మోనియముపై శ్రుతి పట్టి పద్యమెత్తుకొన్న నటుడు రాగమును ఎంత దూరము లాగగలడో అంత దూరము లాగుట, సభవారు వన్స్‌మోర్ అనుట, అతడు మరల నెత్తుకొనుట, ప్రక్కనున్న నటుడు అంతకు మించి లాగవలెనని గొంతు సవరించుకొనుట రివాజు. తెల్లవారినను కథ సగములోనే యుండెడిది. ఇటువంటి పోటీలలో పాత్ర యెక్కడికో పోయి పాటగాడు మిగులును. నరసింహారావుగారు పాడలేకపోలేదు. కాని వారి చూపు పాత్రమీద నుండెను. ఎదుటివాడు పద్యము చదువుచున్నంతసేపు తన పాత్ర వినుచుండవలెను గదా. ఆ వినుటను కూడ అభినయించిరని పెద్దలు చెప్పుదురు.

మా నాయనమ్మ తెనాలిలో వారి సత్యభామను చూచినది. మిరపకాయలు అమ్ముడుపోయి చేతిలో నాలుగు డబ్బులాడు దినములలో మా యూరినుండి రెండు బండ్లు పోయెనట. దారిలో మా తాతగారు వేషధారి పురుషుడని చెప్పగా ఆమె నమ్మలేదు. నాటకము చూచిన తరువాత అసలే నమ్మలేదు. ఆ చీర కుచ్చెళ్లను, ఆ జడను, కూర్చుండునపుడు పమిట సర్దుకొను తీరును ఆమె ముసలితనమున గూడ మాకు చేసి చూపెడిది. ఆడుదానికి తెలియని ఆడుతన మతనికి తెలిసెనని ఆమె ఫిర్యాదు.

శ్రీకృష్ణ తులాభార నాటకము ముత్తరాజు సుబ్బారావుగారి రచన. కథ మన కందరకు తెలిసినదే. నారదుని మాటలు విని పుణ్యకవ్రతము పట్టి సత్య తన భర్తనే ఆయనకు దానమిచ్చును. విడిపించుకొనుటకు బంగారము తూచును. ఆ బంగారము చాలక తుదకు రుక్మిణి తులసీదళము నాశ్రయించును. నంది తిమ్మన పారిజాతాపహరణము చదివినవారికి సత్య యనగానే అలిగి పడుకొన్న సత్యయే కన్నులకు కట్టును. కోపము సులభము. చిన్న నటులు చేయునది కోపమొక్కటే. తులాభారములోని సత్యకు గర్వము కావలెను. ఆ గర్వములో ప్రేమ కనబడవలెను. త్రాసు కదలని క్షణమున ఆ రెండును కూలి భయము మిగులవలెను. భర్త తన యాజ్ఞ దాటజాలడని సత్య మురిసిపోవు మీరజాలగలడా యను పాటను నరసింహారావుగారే స్వయముగా వ్రాసికొనిరి. ఒక్కొక్క మాటకు పలువిధముల భావము చూపుచు దానిని అభినయించెడివారని ప్రసిద్ధి. ఆ పాట నాటకము దాటి పెండ్లిపందిళ్లకు, బావుల యొద్దకు, పత్తిచేలకు పోయెను. వ్రాసినవాడు నటుడేయని ఎరుగనివారు నేటికిని పాడుచున్నారు.

సత్యభామయే గాక వారు ధరించిన పాత్రలను వరుసగా పరికించిన ఒక విషయము తోచును. విప్రనారాయణలో దేవదేవి వేశ్య, చింతామణిలో చింతామణి వేశ్య, కన్యాశుల్కములో మధురవాణి వేశ్య. లెక్కలు వ్రాయు నావంటివాడు ఈ మూటిని ఒకే పద్దు క్రింద వ్రాసివేయును. కాని దేవదేవి పందెమునకు పోయి భక్తుని వ్రతము చెరచి తానే ఆ ప్రేమలో చిక్కుకొన్నది. చింతామణి కులవృత్తినుండి వైరాగ్యమునకు నడచినది. మధురవాణి వీరిద్దరివలె గాక నవ్వుచు లోకమును చదివినది; గిరీశము వంటివానిని ఆడించి, సౌజన్యారావు పంతులుగారి యెదుట మాత్రము తల వంచినది. దేవదేవి కట్టు మధురవాణికి పనికిరాదు; చింతామణి నడక వీరిద్దరికిని పనికిరాదు. పాత్ర కొక చీర, సందర్భమున కొక నగ, మనఃస్థితి కొక నడక యని వారు విభజించుకొనిరి. సారంగధరలోని చిత్రాంగి మరియొక తీరు. సవతి కొడుకును కోరిన రాణిని చూచి సభ అసహ్యించుకొనుట తేలిక. ఆమెపై కొంత జాలి కలిగించుట కష్టము. కొప్పరపు సుబ్బారావుగారి రోషనార నాటకములో మొగలు రాజకుమార్తె వేషము. అక్కడ మన చీర లేదు, మన సిగ్గు లేదు, అంతఃపురపు అధికారమున్నది. అదియు వారికి పేరు తెచ్చెను.

ఆ కాలముననే బళ్లారి రాఘవగారు స్త్రీ పాత్రలను స్త్రీలే ధరించవలెనని గట్టిగా పట్టుపట్టి, చదువుకొన్న స్త్రీలను రంగముపైకి తెచ్చిరి. ఆయన 1946లో మరణించువరకు ఆ పట్టు విడువలేదు. సిద్ధాంతముగా రాఘవగారిదే న్యాయమని నా యభిప్రాయము. రంగమున స్త్రీకి చోటీయక ఆమె వేషమును మాత్రము మెచ్చుకొనుట లోకమునకు గౌరవము కాదు. అయినను ఆ న్యాయము నరసింహారావుగారి విద్యను తగ్గింపదు. వారు స్త్రీని వెక్కిరింపలేదు. వెక్కిరింత కొఱకు చీర కట్టువారిని ప్రతి యూర చూచుచున్నాము. నవ్వులు తెచ్చుటకు వారికి క్షణము పట్టదు. మా నాయనమ్మ వంటి స్త్రీలే మెచ్చిరన్నచో అది వేరు లెక్క.

ఈ సందర్భమున ఇంటి మాట యొకటి చెప్పుటకు చదువరులు క్షమింతురు గాక. మా తండ్రిగారు 1956లో మా యూరి కుర్రవారు వేసిన హరిశ్చంద్రలో చంద్రమతి వేషము ధరించిరి. బాగుగనే చేసిరట. మరునాడు చెరువు గట్టున పశువులు తోలుకొనిపోవుచుండగా తోడివారు ఆడంగి యని గేలి చేసిరి. చూపులు చూచి వెళ్లిన సంబంధమువారు ఆ మాట విని వెనుదీసిరి. మా తండ్రిగారు మరల ముఖమునకు రంగు వేసికొనలేదు. అదే 1956లో భారత ప్రభుత్వము స్థానంవారికి పద్మశ్రీ బిరుద మిచ్చి గౌరవించినది. ఢిల్లీలో గౌరవ మందిన వేషమే మా చెరువు గట్టున పరువు తీసినది. ఆ సంబంధము తప్పుటవలననే మా తల్లిగారు ఈ యింటికి వచ్చిరి గనుక నాకు వ్యక్తిగతముగా ఫిర్యాదు లేదు. కాని హైదరాబాదు ఆకాశవాణినుండి స్థానంవారి గొంతు వినవచ్చినపుడు మా తండ్రిగారు చేతిపని ఆపి, రేడియో ప్రక్కన కూర్చుండి, ఎవరితోను మాటలాడెడివారు కారని మా తల్లిగారు చెప్పగా వింటిని.

వెనుకకు పోదము. 1938లో నరసింహారావుగారు రంగూను పోయిరి. నాడు ఆ నగరపు రేవులలో, మిల్లులలో మన కోస్తా జిల్లాల కూలీలు వేలకొలది పనిచేయుచుండిరి. వర్తకులు, గుమాస్తాలు సరేసరి. సముద్రము దాటి పొట్ట గడుపుకొను తెలుగువారికి సత్యభామ వచ్చినదన్న ఊరు వచ్చినట్లే. అచ్చట వారికి బంగారు కిరీటము బహూకరించిరి. నాలుగేండ్లు తిరుగకుండ 1942లో జపాను సేనలు బర్మాలో ప్రవేశించుటయు, ఆ జనములో ననేకులు అడవుల వెంట కాలినడకను ఇల్లు చేరవలసివచ్చుటయు తరువాతి కథ.

ఈలోపల టాకీ వచ్చినది. 1932లో విడుదలైన భక్తప్రహ్లాదలో సురభి కమలాబాయి లీలావతి పాత్ర ధరించెను. 1935లో శ్రీకృష్ణ తులాభారము చలనచిత్రము కాగా సత్యభామ వేషము ఋష్యేంద్రమణికి వచ్చెను. మన తెనాలి కాంచనమాల 1938నాటి మాలపిల్లతో ఇంటింట పటమయ్యెను. కెమెరా దగ్గరకు వచ్చి ముఖమును చూచును. దానియెదుట పురుషుడు స్త్రీ యగుట కుదరదు. నరసింహారావుగారు కూడ చిత్రములలో నటించిరి. 1940 దాటిన తొలి సంవత్సరములలో వచ్చిన సత్యభామ చిత్రములో పుష్పవల్లి సత్యభామ. లోకమునకు సత్యభామ యైనవారు అందులో శ్రీకృష్ణుడు! మహారాష్ట్రమున స్త్రీ వేషములకు పేరు మోసిన బాలగంధర్వులకును ఇదియే సంభవించినది. 1935లో ధర్మాత్మ చిత్రమున ఆయన ఏకనాథుడయ్యెను. మన తాతలు బండ్లు కట్టుకొని పోయి చూచిన ఆ సత్యభామ ఏ తెరమీదను మిగులలేదు. గ్రామఫోను రికార్డులలో గొంతు మాత్రము మిగిలినది. నేను విన్నాను. అది పురుష గాత్రమే. మొదట నాకు ఆశాభంగము కలిగినది. రెండవసారి వినునప్పటికి ఆ గొంతులోని గర్వమును పోల్చుకొంటిని. ఎదుట కృష్ణుడు చేతులు కట్టుకొని నిలుచున్నట్లే తోచినది.

సినిమా వచ్చినను వారు రంగమును వదలలేదు. నటుల నొక్కొక్కరిని ఒప్పందము చేసికొని ఒక రాత్రికై కూర్చెడు కాంట్రాక్టు నాటకములు ప్రబలిన పిమ్మట సమాజముల క్రమశిక్షణ సడలినది. సాయంకాలము రైలు దిగి రాత్రి వేషము వేసికొని తెల్లవారి రైలెక్కు నటులకు కలిసి అభ్యాసము చేయు తీరిక యెక్కడిది? తరువాతి కాలమున వారు హైదరాబాదు ఆకాశవాణిలో నాటకముల పని చూచిరి. 1961లో కేంద్ర సంగీత నాటక అకాడమీ పురస్కారము లభించినది. 1966లో శ్రీకృష్ణ తులాభారము మరల చిత్రముగా వచ్చినపుడు వారి పాట అందులో చేరినది. సుశీలగారు పాడగా, మన దుగ్గిరాలలో పెరిగిన జమునగారు సత్యభామగా అభినయించిరి. నేటివారు ఆ పాట యనగానే తలచుకొనునది జమునగారినే. ఆమెయు 2023లో వెళ్లిపోయినది. తాను వ్రాసి తాను నడచి చూపిన పాట ఒక స్త్రీ నటించగా తెరకెక్కుట నరసింహారావుగారు జీవించియుండగానే జరిగినది. రాఘవగారు కోరినదియు అదియే గదా.

స్థానం నరసింహారావుగారు 1971వ సంవత్సరము ఫిబ్రవరి 21వ తేదీన పరమపదించిరి.

తాము ధరించిన పాత్రలను గూర్చిన తమ యనుభవములను వారు నటస్థానము అను గ్రంథమున వ్రాసిరి. ఆ పుస్తకము మన గ్రంథాలయమున రెండవ బీరువాలో, నాటకముల వరుసలో నున్నది. అట్ట ఊడియున్నందున ఇంటికిచ్చుట లేదు. సాయంకాలము ఆరు గంటల తరువాత వచ్చినవారు ఇచ్చటనే కూర్చుండి చదువుకొనవచ్చును.