పావులూరి మల్లన

కృష్ణదేవిపేట యనగానే ఎవరికైనను అల్లూరి సీతారామరాజుగారి సమాధి స్ఫురించును. ఆ వీరుని గూర్చి వ్రాయగల సమర్థులు పలువురు గలరు. ఈ రజతోత్సవ సంచికయందు నేను అంతకంటె మిక్కిలి పురాతనుడగు మరియొకని తలచుకొందును. ఆయన లెక్కలను పద్యములలో చెప్పిన కవి.

మల్లన యింటిపేరు నేటి బాపట్ల జిల్లాలోని పావులూరును బట్టి వచ్చినది. రాజమహేంద్రవరమును ఏలిన రాజరాజనరేంద్రుడు పిఠాపురపు సీమలోని నవఖండవాడను మల్లనకు అగ్రహారముగా నిచ్చెనని ప్రసిద్ధి. ఆ దానము పొందినది తాతయనియు, కవి అదే పేరుగల మనుమడనియు కొందరు పండితుల వాదము. కావున ఆయన కాలము 11వ శతాబ్ది యనువారును, 12వ శతాబ్ది యనువారును గలరు. ఆ తగవు మన పఠనమందిరములో తీరునది కాదు.

క్రీ.శ. 9వ శతాబ్దిలో, రాష్ట్రకూట ప్రభువగు అమోఘవర్షుని కాలమున, జైనుడగు మహావీరాచార్యుడు గణితసారసంగ్రహమును సంస్కృతమున రచించెను. మల్లన దానిని తెనిగించెను. అది మక్కికి మక్కి తెనిగింపు కాదు; మూలమున జినుని పేరున్నచోట శివుని పేరు నిలిపినాడు.

మహావీరుడు కలాసవర్ణమను పేర భిన్నములకు ఒక అధ్యాయమునే కేటాయించెను. భిన్నములను గుణించునపుడు లవమును లవముతోను, హారమును హారముతోను హెచ్చింపవలెను. అంతకు ముందే ఎదురెదురు అంకెలలో కొట్టివేయదగినవానిని కొట్టివేయవలెను. పూర్ణసంఖ్యకు హారము 1 అనుకొన్నచో అక్కడను ఈ సూత్రమే చెల్లును.

కళ్లమువద్ద కూలి కొలుచుట చూచినవారికి దీని విలువ తెలియును. తలకు ముప్పాతిక కుంచము చొప్పున 12 మందికి ధాన్యమెంత? 12ను 4 చేత కొట్టివేయగా 3. దానిని పైనున్న 3 చేత హెచ్చింపగా 9 కుంచములు. ఈ దారి నెరుగక ముప్పాతికను పన్నెండు మారులు కూడువాడు నడుమ ఒక్క పావు మరచినచో, ఎవరో ఒకని కూలిలో మూడవవంతు పోవును. కొలుచువాడు మరచినను, మరచినట్లు నటించినను, పుచ్చుకొనువానికి లెక్క రానిచో అడుగజాలడు.

సంస్కృతము రానివారికి అట్టి లెక్క అందుటకు మల్లన పద్యము తోడ్పడెను. పద్యమైనందున తాటాకు లేనివాడును నోట పట్టవచ్చును.

మహావీరుని మూలమును రంగాచార్యులవారు ఆంగ్లానువాదముతో మద్రాసున అచ్చువేయించినది 1912లో. అంతకు సుమారు ఎనిమిది వందల యేండ్లకు ముందే తెలుగువాడు దానిని తన భాషలో చదువుకొనెను.