డేరా సినిమా తెచ్చిన రఘుపతి వెంకయ్యగారు



నేను 1972లో ఉదయగిరి తాలూకా కచేరీలో గుమాస్తాగా చేరాను. ఊళ్ళో టూరింగ్ టాకీసు డేరా వేస్తే నేను, నా తమ్ముడు నేల టిక్కెట్టుకు వెళ్ళేవాళ్ళం. ముష్టియుద్ధం వచ్చిందంటే డేరా అంతా ఈలలే!

అసలు సినిమా పుట్టిన కొత్తలోనే ఈ పోట్లాటలున్నాయి. 1894లో అమెరికాలో ఎడిసన్ స్టూడియోవారు ఇద్దరు బాక్సర్ల పోటీని తీశారు. రౌండు సుమారు ఒక్క నిమిషం. మాటలేని ఆ బొమ్మను పెట్టెకు కన్ను ఆనించి ఒక్కొక్కరే చూడాలి.

అటువంటి పొట్టి చిత్రాలు తెర మీదికి వచ్చాక, వాటిని ఊరూరా డేరా వేసి చూపిన తెలుగువారు రఘుపతి వెంకయ్యనాయుడుగారు. 1869లో మచిలీపట్నంలో పుట్టి, మద్రాసులో ఫోటో స్టూడియో పెట్టి పేరు తెచ్చుకున్నారు. నలభై ఏళ్ళ వయసులో, బాగా సాగుతున్న ఆ స్టూడియోను తాకట్టు పెట్టి విదేశం నుంచి క్రోనోమెగాఫోన్ తెప్పించారు. తెరపై మూగబొమ్మ ఆడుతుంటే పక్కన గ్రామఫోను పళ్ళెం తిరిగి మాట వినిపించే యంత్రమది. దానితో రంగూను, సింహళం దాకా తిరిగారు. తరువాత మద్రాసులో గెయిటీ, క్రౌన్, గ్లోబ్ సినిమాహాళ్ళు కట్టించారు. కొడుకు ప్రకాష్‌ను విదేశాలకు పంపి విద్య నేర్పించారు. ఆ తండ్రీకొడుకుల స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థ నుంచి 1921లో 'భీష్మ ప్రతిజ్ఞ' మూకీ వచ్చింది. చివరికి అప్పులపాలై హాళ్ళు పోగొట్టుకున్నారు. 1941లో కన్నుమూశారు.

1978లో నేను ఆత్మకూరులో పనిచేస్తుండగా తమ్ముడు వచ్చి, డేరా సినిమా పెడతాను, హామీ సంతకం చెయ్యమన్నాడు. నాకిద్దరు ఆడపిల్లలు. మాట పూర్తికాకుండానే కుదరదన్నాను. వాడు మళ్ళీ ఎత్తలేదు. బియ్యం కొట్టులో లెక్కలు రాస్తూ బతుకు వెళ్ళదీశాడు. 1980లో రాష్ట్ర ప్రభుత్వం వెంకయ్యగారి పేరున పురస్కారం పెట్టిందని పేపర్లో చూసినప్పుడు వాడే గుర్తొచ్చాడు. ఇప్పుడు వాడు లేడు.

సంతకం చెయ్యకపోవడం తప్పని నేననను. వెంకయ్యగారంతటివారే నష్టపోయారు. కాని వాడు చెప్పేది చివరిదాకా వినవలసింది. మీ ఇళ్ళలో పిల్లలెవరైనా ఇటువంటి కోరికతో వస్తే, సంతకం సంగతి తరువాత, ముందు కూర్చోబెట్టి వినండి. ఇదే నా మనవి.